రేకుకు అవతలి మనిషి

రివెట్ తోక మీద ఇనప దిమ్మతో రెండుసార్లు తట్టింది ఇమాస్. బాగుంది, పక్కదానికి వెళ్ళు అని దానర్థం. రేకుకు అవతల నిలబడ్డ తులుస్ రివెట్లు కొట్టే గన్నును పక్కదాని మీదికి జరిపాడు. ఆ జరపడం ఆమెకు కనిపించదు. విమానం తోకలో, మోకాలికి పాత దూది మెత్త కట్టుకుని, పిల్లి ముడుచుకున్నట్టు ముడుచుకుని, తల వంచి కూర్చుని ఉంది. కళ్ళ ముందు ఒక చిన్న దీపం, ఆకుపచ్చ పూత వేసిన అల్యూమినియం తప్ప మరేమీ లేవు. అరచేతిలో దిమ్మ దడదడలాడింది. ఆ దడ మణికట్టు మీదుగా మోచేతికి, అక్కణ్ణుంచి దవడ దాకా పాకింది. రివెట్ తోక నలిగి బొత్తంలా చదునైంది. వేలికొసతో తడిమి చూసింది. ఇంకాస్త నలగాలి. ఒక్కసారి తట్టింది. మళ్ళీ దడ. ఈసారి రెండు.

మూడు తడితే రివెట్ పాడైందని, తొలిచి తీసెయ్యాలని. చెవులున్నవాళ్ళకైనా ఇక్కడ ఇదే భాష. గన్ను మోతలో ఎవరి మాటా ఎవరికీ వినపడదు. అందుకే బాండుంగ్ ఊళ్ళో తన చెవుడు ఎవరికీ గుర్తురాని చోటు ఈ తోక ఒక్కటేనని ఇమాస్ అనుకునేది.

పొట్టి మనిషి. తలగుడ్డ అంచున నెరిసిన వెంట్రుకలు ఒకటి రెండు ఎప్పుడూ బయటికి వచ్చే ఉంటాయి. అరచేతులు మాత్రం ఆమె ఒంటికి సరిపడనంత వెడల్పు. కుడి బొటనవేలి గోరు ఎప్పుడో దిమ్మ కింద నలిగి, అలాగే వంకరగా పెరిగింది. చిన్నప్పుడు వచ్చిన జ్వరం చెవులు తీసుకుపోయింది. పెళ్ళయింది, ఒక కూతురు పుట్టింది, భర్త పోయాడు. అవన్నీ అందరికీ జరిగినట్టే జరిగాయి.

కర్మాగారానికి వచ్చింది ఊడ్చే పనికి. రేకు పొట్టు పోగుచేస్తూ తిరిగేది. ఒకరోజు తులుస్‌తో దిమ్మ పట్టే మనిషి రాలేదు. తులుస్ అప్పుడు సుమత్రా నుంచి కొత్తగా వచ్చిన బతక్ తెగ కుర్రాడు. గొంతు పెద్దది, ఓపిక తక్కువ. ఎదురుగా కనిపించిన ఇమాస్ చేతిలోంచి చీపురు లాగేసి దిమ్మ పెట్టాడు. సాయంత్రానికి ఒక్క రివెట్ కూడా తొలచాల్సిన పని పడలేదు. ఆ తరువాత చీపురు ఇంకెవరికో పోయింది.

కానీ కాగితాల మీద ఆమె సహాయకురాలే. సర్టిఫికెట్ కావాలంటే చెవి పరీక్ష నెగ్గాలి. ఏటేటా డాక్టరు ఆమె చెవులకు యంత్రం తగిలించేవాడు, కాగితం చూసేవాడు, జాలిగా నవ్వేవాడు. ఆమె బిగించిన ప్రతి రివెట్ల వరస మీదా తులుస్ ముద్రే పడేది. ఇది అన్యాయమని తులుస్ చాలాసార్లు ఆఫీసుకు వెళ్ళి అరిచి వచ్చాడు. ఇమాస్ చేతులు కదిపి, "పోనీలే తమ్ముడూ, ముద్ర ఎవరిదైతే ఏం, రేకు ఊడిపోదుగా" అనేది. ఆ మాట ఆమె పూర్తిగా నమ్మి అన్నదేమీ కాదు.

ఈ ఏడాది కర్మాగారంలోకి రెంగనిస్ వచ్చింది. చెవిటిపిల్లల బడిలో చదువు ముగించిన పొడుగాటి పిల్ల. గోళ్ళకు రంగు, నోటికంటే వేగమైన చేతులు. ఆ పిల్లను ఇమాస్ కిందే వేశారు. ఏ దడ చాలినది, ఏది ఎక్కువైనది ఇమాస్ ఆ పిల్ల చేతి మీద తన చెయ్యి వేసి నేర్పింది. పిల్ల తొందరగానే పట్టుకుంది. అప్పుడు భద్రత అధికారి వచ్చింది, ఆవిడ పేరు రాత్రి. ఆ ఆఫీసులో కూర్చున్న మొదటి ఆడమనిషి ఆవిడ. పిల్ల తోకలో ఉండగా సైరన్ మోగితే ఏం చేస్తారని అడిగింది.

తులుస్‌కు కోపం వచ్చింది. ఇన్నాళ్ళూ ఇమాస్ అక్క లోపలికి వెళ్ళలేదా అన్నాడు.

రాత్రి ఇమాస్ వైపు తిరిగింది. పెదవులు చదవడానికి వీలుగా నిదానంగా మాట్లాడింది.

"మీ గురించి ఇన్నాళ్ళూ ఎవరూ ఆలోచించలేదమ్మా. అది మా తప్పు. ఈ పిల్ల విషయంలో మళ్ళీ అదే తప్పు చెయ్యలేను."

ఇమాస్‌కు ఆవిడ మీద కోపం రాలేదు. తన ప్రాణం గురించి ఒకరు అలా అడగడం అదే మొదటిసారి. ఉపాయం ఇమాసే చెప్పింది. సైరన్ మోగితే గన్ను మనిషి రెండు అరచేతులతో రేకు మీద ఆపకుండా డోలు వాయించాలి. అది సరిపోతుందో లేదో చూడడానికి శుక్రవారం ఉత్తుత్తి సైరన్ వేస్తామని, ఏ వేళ అన్నది ముందుగా చెప్పబోమని రాత్రి అంది. పిల్ల వేళకు బయటికి వస్తే ఈ పనిలోనే ఉంటుంది. లేకపోతే అట్టపెట్టెల షెడ్డుకు పంపుతారు. ఆ శుక్రవారం ఇమాస్‌కు ఉద్యోగంలో ఆఖరి రోజు కూడా.

ఆ రోజు మధ్యాహ్నం మగవాళ్ళంతా మసీదుకు వెళ్ళారు. తులుస్ చర్చికి వెళ్ళే మనిషి కాబట్టి, ఎప్పటిలాగే ఆడవాళ్ళ మధ్య కూర్చుని వాళ్ళ సంబల్ పచ్చడంతా తానే ఖాళీ చేశాడు. ఇమాస్ అరిటాకు పొట్లం విప్పి అన్నం, వేయించిన తెంపె సోయా ముక్కలు పిల్ల ముందుకు తోసింది. రెంగనిస్ ముట్టుకోలేదు. ఎప్పుడూ చకచకలాడే చేతులు ఆవేళ తడబడుతున్నాయి.

"వాళ్ళు పంపించేస్తే, పెద్దమ్మా?"

"పంపిస్తే మళ్ళీ వచ్చి అడుగు," అన్నాయి ఇమాస్ చేతులు. "నేను చీపురుతో వచ్చాను. నువ్వు దిమ్మతో వచ్చావు. నీకు సగం దారి కలిసొచ్చింది. ముందు తిను, లోపల కళ్ళు తిరిగి పడితే ఆ నింద కూడా చెవుల మీదే వేస్తారు."

పిల్ల నవ్వింది. తెంపె ముక్క నోట్లో వేసుకుంది.

మగవాళ్ళు తిరిగొచ్చి పని మొదలయ్యాక రెంగనిస్ తోకలోకి దూరింది. ఇమాస్ బయట, తులుస్ పక్కన నిలబడింది. ఇన్నేళ్ళలో రేకుకు ఈవైపు నుంచి పని చూడడం ఆమెకు అలవాటు లేదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

సైరన్ ఆమెకు వినపడలేదు. విమానాలు నిలిపే హంగరులో తలలన్నీ ఒక్కసారి ఒకే వైపు తిరగడం చూసింది. తులుస్ గన్ను కిందపెట్టి రేకును రెండు చేతులా బాదడం మొదలుపెట్టాడు. ఇమాస్ కూడా అరచేయి ఆనించింది. కాసేపు తులుస్ బాదుడు తప్ప లోపలి కదలికేదీ చేతికి తగల్లేదు. ఆ కాసేపట్లో ఆమెకు తోక ద్వారం ఎంత ఇరుకో, పిల్ల కాళ్ళు ఎంత పొడుగో ఒకేసారి గుర్తొచ్చాయి. అంతలో ద్వారంలోంచి బూట్లు కనపడ్డాయి, ఆ వెనక నడుము, ఆ వెనక చెమటలు కారుతున్న ముఖం. రెంగనిస్ నిచ్చెన దిగి, ఇమాస్ చెయ్యి పట్టుకుని వాకిట్లోకి పరిగెత్తింది.

వాకిట్లో అందర్నీ లెక్కపెట్టారు. ఒకరు తక్కువయ్యారు. మళ్ళీ లెక్కపెట్టారు. ముక్కు భాగంలో పనిచేసే కార్సా లేడు. రాత్రి ముఖం పాలిపోయింది. తానే లోపలికి వెళ్ళి విమానం ముక్కు మీద గుద్దింది. కార్సా పైలట్ గది అడుగు నుంచి పాక్కుంటూ వచ్చాడు. చెవుల్లో దూది బిళ్ళలు, వాటి మీద మోత ఆపే డిప్పలు. అవన్నీ తీసి, టీ వేళయిందా అని అడిగాడు.

వాకిలంతా ఘొల్లుమంది. "రెండు చెవులూ ఎవరికి అరువిచ్చావురా?" అన్నాడు తులుస్. ఆ మాట పెదవుల మీద చదివి ఇమాస్ కూడా పొట్ట పట్టుకుని నవ్వింది.

రాత్రి మాత్రం నవ్వలేదు. విమానం లోపల ప్రతి గదిలోనూ సైరన్‌తో పాటు వెలిగే ఎర్రదీపాలు పెట్టిస్తానంది. ఇకమీదట ఎవరు లోపలికి వెళ్ళినా, చెవులున్నా లేకున్నా, రేకు వాయించడానికి బయట ఒక మనిషి ఉండి తీరాలంది. తరువాత రెంగనిస్‌కు ఎదురుగా వచ్చి నిలబడింది.

"సోమవారం రా. అట్టపెట్టెల దగ్గరికి కాదు, ఇక్కడికే."

పిల్ల ఆ మాటను రెండోసారి చెప్పించుకుంది. అర్థంకాక కాదు.

ఆ సంగతి అయ్యాక రాత్రి ఇమాస్‌ను పక్కకు పిలిచింది. సర్టిఫికెట్టుకు చెవి పరీక్ష తీసేస్తున్నారట. వచ్చే ఏడాది నుంచి. ఆవిడ చెబుతూ చెబుతూ తల దించుకుంది. ఏళ్ళ తరబడి పేర్చుకుంటూ వచ్చిన వరసలన్నీ, వేరొకరి ముద్రతో ఎక్కడెక్కడో ఎగురుతున్నవన్నీ, ఒక్క క్షణం ఇమాస్ కళ్ళలో మెదిలాయి. దూరంగా రెంగనిస్ కార్సా చెవి డిప్పలు తగిలించుకుని వాడినే వెక్కిరిస్తోంది. ఇమాస్ తనకు వచ్చిన గరగర గొంతుతో పైకే, "మంచిది," అంది.

వీడ్కోలు సభ వద్దని ముందే చెప్పింది. సాయంత్రం బూట్లు విప్పి చెప్పులు తొడుక్కుంది. గేటు దగ్గర గుర్తింపు కార్డు ఇచ్చేసింది. తులుస్ తన బండి మీద దించుతానన్నాడు. అక్కర్లేదని, కూతురు నాలుగు రోడ్ల దగ్గర ఎదురుచూస్తోందని చెప్పి, మడత పడ్డ అతని చొక్కా కాలరు సరిచేసింది. తులుస్‌కు చేతి భాష అర్థమవుతుంది గానీ చెయ్యడం అంతంతమాత్రం. రోజూ సాయంత్రం చేసే ఒక్క గుర్తే ఇప్పుడూ చేశాడు, రేపు కలుద్దామని. చేశాక తెలిసింది. చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. ఇమాస్ నవ్వింది. తానూ అదే గుర్తు చేసి, వాన చినుకుల్లో అటుగా వచ్చిన ఆటో ఎక్కింది.

హంగరులో దీపాలు ఒక్కొక్కటే ఆరాయి. తోక దగ్గర నిచ్చెన మెట్టు మీద, పాత సరోంగ్ లుంగీ గుడ్డలో బూరుగు దూది కుక్కి కుట్టిన మోకాలి మెత్త ఒకటి ఉంది. మధ్యలో అంతా నలిగి గుంటపడింది, నాడాలు మాత్రం కొత్తవి, పొడుగు కాళ్ళకు సరిపడేలా కుట్టినవి.