అక్కిడి సాలు జొన్న

గరికతో పెట్టుకుని గెలిచినవాడు భూమ్మీద లేడని వెంకటేశ్వరమ్మ గట్టి నమ్మకం. పీకితే వేరు తెగి ఒకటి నాలుగవుతుంది. గుంటక తోలితే ఆ ముక్కలే చేనంతా పరుచుకుని మొలుస్తాయి. పత్తికొండ పక్క ఊళ్లో ఆమెకున్న మూడెకరాల ఎర్రచేనులో ఈ ఏడూ అదే తంతు. వేరుశనగ, ఆ వైపు మాటలో బుడ్డలు, జానెడు లేవకముందే సాళ్ల మధ్య గరిక చాప పరిచేసింది. కూలీలు దొరకరు, దొరికినా గరిక అనగానే మూతి తిప్పుకుంటారు.

అందుకే కొడుకు ఉమామహేశ్ మందు తెస్తానన్నప్పుడు ఆమె అడ్డు చెప్పలేదు.

"గడ్డిని తప్ప దేన్నీ ముట్టదంటమ్మా. బుడ్డలకు ఏమీ కాదని అంగడాయన గట్టిగా చెప్పినాడు."

"అంత తెలివైన మందైతే కొట్టప్పా, నాకెందుకు కడుపునొప్పి?"

చేను పై సగం కొట్టేసరికి మబ్బు కమ్మింది. వాన పడితే మందు కడుక్కుపోతుందని కింది సగం వదిలేసి వచ్చాడు. వారం దాటాక వెళ్లి చూస్తే పై సగంలో గరిక ఎర్రబడి కూలిపోయి ఉంది. వేరుశనగ మాత్రం పచ్చగా నవ్వుతోంది. వెంకటేశ్వరమ్మకు పట్టరాని సంతోషం కలిగింది. ఆ సంతోషంలోనే తన జొన్న సాళ్ల దగ్గరికి నడిచింది.

ఆ వైపు పాతకాలపు రైతులు వేరుశనగ ఒక్కదాన్నే నమ్ముకోరు. కొన్ని సాళ్లకొకటిగా జొన్నో సజ్జో వేస్తారు. దాన్ని అక్కిడి సాలంటారు. వాన మొహం చాటేసి కాయ పోయినా ఇంటికింత గింజ, ఎద్దుకింత చొప్ప మిగులుతాయి. వెంకటేశ్వరమ్మ జొన్న అంగట్లో దొరికేది కాదు. పెళ్లప్పుడు వాళ్లమ్మ ఇచ్చి పంపిన ఎర్రగింజ రకం. ఇప్పుడది పుట్టింట్లో కూడా లేదు. పోయినేడు కరువుకు మిగిలిన కాసిని గింజలనూ ఆమె ఈ చేనులోనే వేసేసింది.

ఒక మొక్క నడిమి సుడిలో ఆకు పాలిపోయి కనబడితే ఇదేం తెగులోనని మెల్లగా లాగింది. ఆకు ఊడి చేతిలోకి వచ్చింది. మొదలు కుళ్లిపోయి ఉంది. పక్క మొక్కా అంతే. సాలంతా అంతే.

జొన్న కూడా గడ్డిజాతే కదా! మనిషి దాన్ని వంటింట్లోకి తెచ్చుకుని గౌరవించాడు గానీ మందుకు ఆ మర్యాదలు తెలియవు. ఏం పంటని అంగడాయన అడిగాడు, బుడ్డలని ఉమామహేశ్ చెప్పాడు. అబద్ధం ఎవరూ ఆడలేదు. అక్కిడి సాలు సంగతి మాత్రం ఎవరి నోటా రాలేదు. చేను తనదే అయినా ఆమెకూ తట్టలేదు. అదే ఆమెను ఎక్కువ కోసింది.

"ఇంక ఆ మందు జోలికి పోనమ్మా," అన్నాడు ఉమామహేశ్, తల ఎత్తకుండా. "కింది సగం చేత్తోనే పీకుతా."

పీకాడు పాపం, అరచేతులు బొబ్బలెక్కేదాకా. అయినా ఒక మూల కూడా తెమల్లేదు. వేరుశనగకు కాయ కట్టే ఊడలు నేలలోకి దిగే వేళ ముంచుకొస్తోంది. దిగాక నేల కదిలిస్తే కాయ నిలవదు. మందు కొట్టకపోతే కాయ పోతుంది, కొడితే కింది సగంలో మిగిలిన జొన్నా పోతుంది. ముందు నుయ్యి వెనక గొయ్యి. వెంకటేశ్వరమ్మకు అన్నం సయించడం మానేసింది.

చివరికి కోడలు శివలీల నోరు విప్పింది. "అత్తా, మందు పడితేనే కదా చచ్చేది? పడకుండా అడ్డం పెడితే సరి. కాయలు ఆరబోసే పట్ట ఉండాది. రెండు కట్టెలకు కట్టి, పెండ్లిలో తెర పట్టినట్టు చెరో కొస పట్టుకుని జొన్న పక్కన నడుద్దాం."

"గాలి తోలితే?"

"తెల్లారుతూనే పోదాం. గాలి లేస్తే నిలిపేద్దాం."

"ఇదే ఆఖరి విత్తనం లీలా. ఇదీ పోతే ఇంక యాడా దొరకదు."

"తెలుసత్తా. అందుకే ఒక కొస నువ్వే పట్టు."

మరునాడు పొద్దున్నే ముగ్గురూ ముక్కుకూ నోటికీ గుడ్డలు కట్టుకుని చేనులో దిగారు. జొన్న మొదళ్లలోని గరికను చేత్తో పీకేసి, సాలు పక్కన పట్ట నిలబెట్టారు. ఉమామహేశ్ మందు గొట్టం నేలకు వంచి కొడుతూ నడిచాడు. ఒకవైపు అయ్యాక పట్టను రెండోవైపుకు మార్చారు. ఆఖరి సాలులో ఉండగా గాలి ఒక్కసారి విసిరి పట్టను ఎగరేసింది. "నిలుపప్పా!" అని ఆమె వేసిన కేకకు చెట్టు మీది కొంగలు లేచిపోయాయి. గాలి తగ్గేదాకా ముగ్గురూ కదల్లేదు.

ఆ తర్వాతి వారం ఆమె ప్రాణం ప్రాణంలో లేదు. గరిక ఎర్రబడింది, ఎండింది. జొన్న సుడి మీద చెయ్యి వేసింది గానీ లాగే ధైర్యం చాల్లేదు.

"నువ్వు లాగు లీలా."

శివలీల లాగింది. ఆకు కిర్రుమంది గానీ ఊడి రాలేదు. గాలి తగిలినచోట కొన్ని మొక్కలు పోయాయి, తక్కినవన్నీ నిలబడ్డాయి. వెంకటేశ్వరమ్మ కోడలి భుజం మీద తల పెట్టుకుని ఏడ్చేసింది.

కంకులు కోసిన రోజు పక్కచేను బొజ్జన్న గట్టు మీద నిలబడి హాస్యమాడాడు. "ఇప్పుడన్నా విత్తనం గట్టిగా దాచుకోక్కా, ఎవురికీ చూపియ్యాకు!"

ఆమె బలమైన కంకులు ఏరి ఒక మోపు పుట్టింటికని, ఒకటి కోడలి పుట్టింటికని పక్కన పెట్టింది. మూడోది తీసుకెళ్లి బొజ్జన్న చేతుల్లో పెట్టింది.

"ఇదేందక్కా, నాకెందుకు?" అన్నాడతను బిత్తరపోయి.

"మేము మళ్లా తప్పు చేస్తే నీ ఇంట్లో ఉంటాది. నువ్వు చేస్తే మా ఇంట్లో ఉంటాది. పట్టుకుపోప్పా."