వెనక కడియం

"మేస్త్రిదే తప్పని ఒప్పుకున్నాను కదా, పొద్దుట్నుంచీ అదే పాట పాడతావేం?" అన్నాడు మొగుడు.

"తప్పు మేస్త్రిది. సర్దుకుపోవాల్సింది మాత్రం నేను. బాగుంది మీ న్యాయం!" అంది కాజాలమ్మ, ఒళ్లో చొక్కా మీంచి తల ఎత్తకుండా. దర్జీ కొట్టువాళ్ల చొక్కాలకి కాజాలు కుట్టి కుట్టి వీధిలో ఆవిడకి ఆ పేరే స్థిరపడిపోయింది. సొంత పేరు పిలిస్తే ఆవిడే వెనక్కి తిరిగి చూడదు.

ఆయన ఇంకో మాట అనబోయేంతలో పక్కింటి వడ్రంగి సుత్తి టక్కున ఆగిపోయింది. వీధి చివర ఇస్త్రీ ఆయన పెట్టె పక్కన పెట్టాడు. గుట్ట మీది సాయంకాలపు గాలి దిగుతోంది. గాలివేళ ఆ ఊళ్లో ఎవరూ చప్పుడు చేయరు, గొంతెత్తరు. అందుకని మొగుడూ పెళ్లాం పోట్లాటని గుసగుసల్లోకి దించుకున్నారు.

"నాన్న నిన్న మళ్లీ ఇల్లు దాటి వెళ్లిపోయాడు," అని గుసగుసలాడాడు ఆయన. "గోడలో కడియాలు మునుపు ఎలా ఉండేవో అలా పెట్టించేద్దాం."

"నేనొప్పుకోను," అని గుసగుసగానే కసిరింది ఆవిడ.

వాళ్ల కూతురు కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వాపుకుంది. వచ్చే నెలలో పెళ్లి దానికి.

ఆ ఊళ్లో ప్రతి ఇంటికీ గుట్టవైపు గోడలో గుండ్రటి గాలికన్ను ఉంటుంది. గాలి అందులోంచి దూరితే ఇల్లు పలుకుతుంది. ఒక్కో ఇంటిది ఒక్కో గొంతు. ఆడపిల్ల కాపురానికి వెళ్లేటప్పుడు కుమ్మరి వచ్చి, గాలివేళ గోడ కింద కూర్చుని ఆ ఇంటి గొంతు విని, అదే గొంతు పలికేలా మట్టి కడియం చేసిస్తాడు. అత్తింటి గాలికన్నులో దాన్ని అత్తగారి కడియం వెనక అమరుస్తారు. ముందున్నది గట్టిగా పలుకుతుంది. వెనకున్నది దాని చాటున సన్నగా వంత పాడుతుంది. ముందుది పగిలినప్పుడే వెనకదానికి ముందుకొచ్చే యోగం.

అత్తయ్య పోయి ఏడాది దాటింది గానీ ఆవిడ కడియం రాయిలా ఉంది. మొన్న గోడకి పూత వేయడానికి వచ్చిన మేస్త్రి రెండూ ఊడదీసి, కడిగి ఆరబెట్టి, తిరిగి పెట్టేటప్పుడు అటుది ఇటు పెట్టాడు.

ఆ సాయంత్రం కాజాలమ్మ వేలికి సూది గుచ్చుకుంది. పలుకుతున్నది తన పుట్టిల్లు!

ఆ ఇల్లు ఇప్పుడు లేదు. రోడ్డు వెడల్పు చేస్తూ దిగువ వీధి మొత్తం పడగొట్టారు. చిన్నప్పుడు వాగు ఇసుకలో ఆడుకుంటుంటే గాలివేళకి ఇళ్లన్నీ ఒకేసారి పిల్లల్ని పిలిచేవి. అన్ని గొంతుల్లోనూ తన ఇల్లు తనకి తెలిసిపోయేది. చివర్న కాస్త వణికి, బిందెలోకి నీళ్లు దిగినట్టు లోతుకి పోయే గొంతు. పరికిణీ ఎత్తి పట్టుకుని పరిగెడితే అమ్మ గుమ్మంలో తువ్వాలుతో నిలబడి ఉండేది. "నేను పిలిస్తే రావు, గోడ పిలిస్తే వస్తావే," అని కాళ్లు తుడిచేది. అమ్మా లేదు, ఆ గుమ్మమూ లేదు. ముప్ఫై ఏళ్లుగా చెవి ఒగ్గితే తప్ప వినిపించని ఆ గొంతు మూడు రోజులుగా ఇల్లంతా నిండిపోతోంది. దాన్ని మళ్లీ వెనక్కి నెట్టమంటే ప్రాణం ఎలా ఒప్పుతుంది?

గాలి సగంలో ఉండగా ఇస్త్రీ ఆయన మావయ్యని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చాడు. చూపు మందగించాక, క్షౌరం కొట్టు దగ్గర కబుర్లయ్యాక ఇంటి గొంతు పట్టుకునే నడిచొస్తాడు మావయ్య.

"మా అరుగు మీద కూర్చున్నారమ్మా," అని ఇస్త్రీ ఆయన మెల్లగా చెప్పి వెళ్లిపోయాడు.

కాజాలమ్మ చెంబుతో నీళ్లిచ్చింది. "దారి తప్పారా మావయ్యా?"

"తప్పడమేమిటి? అడుగులు నాకు తెలీవా?" అని చిన్నగా నవ్వాడాయన. "మన గుమ్మం దాకా వచ్చానమ్మాయ్. పలుకుతున్నది మీ అత్తయ్య కాదాయె. ఆవిడ పిలవందే ఇంటికి వచ్చిన పాపాన పోయానా ఎప్పుడైనా? ఇంకొంచెం ముందుకెళ్తే వినిపిస్తుందేమోనని, అలా..." చెంబు చేతిలోనే ఉండిపోయింది. తాగలేదు.

కాజాలమ్మకి అత్తయ్య గుర్తొచ్చింది. నోటి దురుసు మనిషే. అయినా గాలి పల్చగా వీచిన రోజున ముందు కడియం పలికేది కాదు, వెనకదే సన్నగా వినిపించేది. అప్పుడు అత్తయ్య గాలివేళన్నది కూడా చూడకుండా వంటింట్లోంచి కేకేసేది. "ఆ అంట్లు పడేసి రావే, ఇవాళ మీ పుట్టిల్లు మాట్లాడుతోంది!" తనని గోడ దగ్గర కూర్చోబెట్టి, అంట్లు ఆవిడే తోముకునేది. తర్వాత వారం రోజులు దెప్పేది, అది వేరే సంగతి.

గాలి ఆగింది. వడ్రంగి సుత్తి మొదలైంది. మొగుడు మళ్లీ ఆ ఊసెత్తలేదు. ఎత్తుతాడేమోనని ఆవిడా చూసింది. తండ్రి పక్కన కూర్చుని చెంబు నోటికి అందిస్తున్నాడు.

చివరి కాజా ముగించి దారం పళ్లతో తెంపింది. అందరికీ కంచాలు పెట్టి, వడ్డించి, తనూ కూర్చుంది.

"రేపు కుమ్మరిని పిలవండి," అంది, మజ్జిగ గిన్నె ఇటు జరపమన్నంత మామూలుగా.

"పెళ్లి ఇంకా నెలుంది కదే," అన్నాడు మొగుడు.

"ఉండనీండి. ఇల్లు ఇప్పుడు పలుకుతున్న గొంతు విని దీని కడియం చేయాలి." కూతురి వైపు చూడకుండా దాని కంచంలో ఇంకో ముద్ద కూర వేసింది. "అది చేతికొచ్చిన మర్నాడే మేస్త్రిని రమ్మనండి. అత్తయ్యది ముందుకి, నాది వెనక్కి. నాలుగు రోజులు ఓపిక పట్టండి మావయ్యా. అందాకా సాయంత్రాలు, గాలివేళైనా సరే, నేనే వీధిలోకొచ్చి పిలుస్తాను."