మనోళ్ల కోర్టు

దిల్‌సుఖ్‌నగర్ షాపులో, గిరాకీ నచ్చలేదని వదిలేసి పోయిన చీరలను మాలతి మడతపెడుతుంటే మరిది చక్రపాణి ఫోన్ చేశాడు.

"మంచిగున్నవా వదినా? ఎందుకు పరేషాన్ అయితవ్? విడాకులకు ఒప్పుకుంటున్నా అని ఒక్క సంతకం పెట్టు. మా కోర్టుల నీకేం భయం? జడ్జి కాడికెల్లి బంట్రోతు దాంక అందరు మనోళ్లే."

ఆమె ఫోన్ పెట్టేసి మళ్లీ చీర అందుకుంది. మనోళ్లు అంటే ఎవరోళ్లు? ఆమె హైదరాబాదులో తల్లి దగ్గరికి వచ్చేశాక, భర్త హరిప్రసాద్ తమ ఊరి కోర్టులో విడాకుల కేసు వేసి ఎనిమిది నెలలైంది. అత్తకు అన్నం పెట్టదు, మొగుణ్ని లెక్కచెయ్యదు అని రాయించాడు. మంచానపడ్డ అత్తకు ఆరేళ్లు పక్కబట్టలు మార్చింది తను. పనయ్యాక నడుం వాల్చితే "ఇంట్ల కూసొని ఏం జేస్తవ్?" అనేవాడు. ఇదంతా చెప్పడానికి ఆ ఊళ్లో వకీలే దొరకలేదు. ఇద్దరు కాగితాలు తీసుకున్నారు. వారం తిరక్కుండానే వాపసిచ్చారు. "చక్రపాణి సార్ మా వకీళ్ల బార్ ప్రెసిడెంటమ్మా, నన్నిడిసిపెట్టు" అన్నాడు రెండో ఆయన. పోయిన వాయిదాకు ఒక్కతే నిలబడి గడువు అడిగితే, నల్లకోట్లన్నీ నవ్వాయి. జడ్జిగారు తల ఎత్తలేదు. వచ్చే సోమవారం కూడా వకీలు లేకపోతే ఆమె మాట వినకుండానే తీర్పు.

ఆ సాయంత్రమే తల్లి కనకమ్మను వెంటబెట్టుకుని లాయర్ ఎలిజబెత్ ఆఫీసుకు పోయింది.

"కేసును ఇక్కడి కోర్టుకు మార్చమని హైకోర్టును అడగొచ్చు. కానీ భయమైతుందంటే చాలదు మాలతీ. ఎందుకు భయమో చూపించాలి" అంది ఎలిజబెత్.

"జడ్జి పైసలు తిన్నడని రాయుండ్రి మేడం" అంది కనకమ్మ. "గట్టిగుంటది."

"నేను చూడలే అమ్మా. చూడనిది రాయ" అంది మాలతి.

వాపసొచ్చిన కాగితాలు, నవ్విన వకీళ్లు, చక్రపాణి ఫోన్. అంతే రాయించింది. కాగితం మీద చూస్తే అది మరీ చిన్నగా కనిపించింది. ఇంతేనా అంటారేమోనని నాలుగు రోజులు అన్నం సయించలేదు. శుక్రవారం మధ్యాహ్నం, ఆ ఊరి విచారణ ఆపుతూ హైకోర్టు ఉత్తర్వు వచ్చింది. రెండు నెలలకు తుది ఉత్తర్వు. జడ్జిని ఒక్క మాట అనలేదు. ఆమె తరఫున ఆ ఊళ్లో వకీలు నిలబడలేనప్పుడు ఆమె భయానికి కారణం ఉన్నట్టేనని, కేసును ఎల్బీనగర్ కోర్టుకు మార్చారు.

మొదటి వాయిదాకు మూసారాంబాగ్‌లో మెట్రో ఎక్కారు. "ఇగ అల్లుడు తొవ్వకొస్తడు, నిన్ను తోల్కపోతడు" అంది కనకమ్మ సంబరంగా. మాలతి ఉలిక్కిపడింది. తోల్కపోతడా? ఇన్ని నెలలూ ఆ కోర్టు, ఆ నవ్వులు, ఆ సోమవారాలే కళ్లముందు. గెలిస్తే ఎక్కడికి పోవాలో ఆలోచించడానికి భయం జాగా ఇవ్వలేదు. ఇప్పుడు ఆ ఇంటి గడపను తలుచుకుంటే కాళ్లు వెనక్కి లాగుతున్నాయి. నాలుగు స్టేషన్లు దాటేలోపు, చాలా రోజుల తర్వాత, తనను తాను ఒక మాట అడిగి జవాబు విన్నది.

కోర్టు హాల్లో హరిప్రసాద్ తల వంచుకుని నిలబడ్డాడు. పక్కన చక్రపాణి ఉన్నాడు. ఇక్కడ అతనికి ఎవరూ లేచి కుర్చీ ఇవ్వలేదు.

జడ్జి మేడం కాగితాల మీంచి తలెత్తి చూశారు. "మీరు చెప్పండమ్మా. భర్తతో కలిసి ఉంటానంటారా?"

కనకమ్మ చేతులు జోడించింది. ఎలిజబెత్ నోరు తెరవబోయింది. మాలతి ఆమె చెయ్యిపట్టి ఆపింది.

"లేదు మేడం. విడాకులు నాక్కూడ కావాలె. కానీ ఆయన రాసిన కారణాలకు కాదు, నేను చెప్పే కారణాలకు."