చారల ఫడ్జ్ చేసిందెవరు

"గిన్నె గీకు. అంచులకి ఎంత అంటుకుందో చూడు. ఎవరి సొమ్మనుకున్నావు?"

అత్తయ్య ఈ మాట అనని ఆదివారం లేదు. నేను గీకను. ఫడ్జ్ అంటే పాల మిఠాయే, కానీ దాని గిన్నె గీకకూడదు. పాలు, పంచదార, వెన్న కలిపి మరిగిస్తే అంచుల మీద పంచదార పలుకులు కడుతుంది. వాటిలో ఒక్కటి పాకంలో పడినా మొత్తం ఇసకైపోతుంది. అందుకే చల్లటి నీళ్లలో వేసిన చుక్క మెత్తని ఉండ కట్టగానే గిన్నె దించేసి, గోరువెచ్చన అయ్యేదాకా గరిటె పెట్టను. ఆ తర్వాత జబ్బలు లాగేలా తిప్పాలి. మెరుపు తగ్గగానే రెండు భాగాలు చేసి, ఒకదానిలో తురిమిన కమలాతొక్క వేయాలి. తొక్కలో పైనున్న రంగు పొర మాత్రమే. కింది తెలుపు తగిలితే చేదు. రసం పిండితే పాలు విరుగుతాయి. రెండు భాగాలూ పళ్లెంలో పక్కపక్కన పోసి, కత్తి మొనతో అటూ ఇటూ లాగి ఆపేయాలి. ఆపడమే కష్టం. ఇంకొంచెం లాగితే చారలు పోయి అంతా వెలిసిన గోడ రంగులోకి వస్తుంది. ఇదంతా ఎవరూ నేర్పలేదు. పాడు చేసి, పాడైనదాన్ని నేనే తిని, దానికి తిట్లు కూడా నేనే తిని నేర్చుకున్నాను.

మా ఆయన ఆ ముక్కలు డబ్బాలో పెట్టుకుని ఆఫీసుకి తీసుకెళ్తాడు. సాయంత్రం ఖాళీ డబ్బా సింకులోకి వస్తుంది. ఎవరైనా ఏమైనా అన్నారా అని అడిగేదాన్ని. "బాగుందన్నారు" అనేవాడు, టీవీ వైపు చూస్తూ. ఒకరోజు బస్టాపులో వాళ్ల ఆఫీసు టైపిస్టు కలిసింది. "మీ అత్తగారి చేతిలో ఏం మహిమ ఉందండీ! మీరూ కాస్త నేర్చుకోకూడదా?" అంది. ఇంటికొచ్చి అడిగాను. అతను కంగారు కూడా పడలేదు.

"అమ్మ చేసిందంటే ఓ గౌరవం. పెళ్లాం చేసిందని చెప్పుకుంటే వెధవలు నవ్వుతారు. అయినా ఎవరు చేస్తే ఏమిటే, మనింట్లోదేగా?"

మనింట్లోది. ఆ మాట చాలా రోజులు నమిలాను. అంట్లు నీవి. మాడిన కూర నీది. పిల్లాడికి మార్కులు తగ్గితే నీ పెంపకం. బాగా కుదిరినవి మాత్రం మనవి. అత్తయ్య కూడా కాదనలేదు. "వాడేదో ప్రేమకొద్దీ చెప్పుకున్నాడు, నీకెందుకంత ఉక్రోషం?" అంది. ఆవిడ బతుకంతా చేసిన చాకిరీ మామయ్య పేరున చెల్లిపోయిందని నాకు తెలుసు. అంతమాత్రాన నా చాకిరీ ఆవిడ తన పేరున వేసుకుంటే అది న్యాయం అయిపోదు. నేను ఇద్దరినీ క్షమించలేదు. క్షమించే ఉద్దేశమూ లేదు.

పోయిన ఆదివారం ఆ ముక్కలు తిన్న అతని మేనేజరుగారి అక్క మా ఇంటికొచ్చింది. ఆవిడకి మార్కెట్ వీధిలో మిఠాయి కొట్టు ఉంది. ఫడ్జ్ చేస్తుండగా చూస్తాననీ, నచ్చితే చేసినావిడని కొట్లో పెట్టుకుంటాననీ కబురు పంపింది. మా ఆయన ముందే ఏర్పాట్లు చెప్పేశాడు.

"పాకం నువ్వు పట్టు. ఆవిడ వచ్చే వేళకి అమ్మ గరిటె పట్టుకుంటుంది. నువ్వు పక్కన అందిస్తూ ఉండు, నోరు మెదపకు. తర్వాత ఎలాగూ నువ్వే చేసి పంపిస్తావు, ఎవరికి తెలుస్తుంది?"

పాకం పట్టాను. కాదంటే ఆవిడ మా గుమ్మం తొక్కదు. ఒక్కరైనా వచ్చి ఈ వంటింట్లోకి చూడాలని ఉంది నాకు. ఆ ఆశతోనే పట్టాను.

కొట్టావిడ లావుపాటి మనిషి. మోచేతుల దాకా పాత కాలిన మచ్చలు. కుర్చీ వేస్తే కూర్చోకుండా తిన్నగా పొయ్యి దగ్గరికి వచ్చి నిలబడింది. గిన్నె ఇంకా వేడిగానే ఉంది. అత్తయ్య చేతిలో గరిటె ఉంది. అందరూ చూస్తుంటే ఊరికే నిలబడటం ఆవిడకి చేతకాలేదు. అంచులు బరబరా గీకి, గీకిందంతా పాకంలో పడేసి, గబగబా తిప్పడం మొదలుపెట్టింది.

"అత్తయ్యా, ఆగండి."

"నువ్వూరుకో" అన్నారు తల్లీ కొడుకూ ఒకేసారి.

చూస్తుండగానే పాకం బిరుసెక్కింది. గరిటె కింద కరకరలాడింది. అత్తయ్య చెయ్యి ఆగిపోయింది. మా ఆయన గిన్నెలోకి తొంగిచూసి, అలవాటు కొద్దీ నా మీద విరుచుకుపడ్డాడు.

"ఏం చేసి చచ్చావే? పాకం పట్టడం కూడా మర్చిపోయావా? ప్రతీ వారం బాగానే చేసి ఏడుస్తావుగా, ఇవాళే తగలెయ్యాలా?"

కొట్టావిడ నెమ్మదిగా అతని వైపు తిరిగింది.

"ప్రతీ వారం ఈ అమ్మాయే చేస్తుందా బాబూ?"

అతను నోరు తెరిచి వాళ్లమ్మ వైపు చూశాడు. "అంటే... అమ్మ చెబుతుంటే..."

"నేనేం చెప్పాన్రా?" అత్తయ్య గరిటె గట్టు మీద పడేసింది. "ఆ పొయ్యి దగ్గరికి నేనెప్పుడు వెళ్లాను?"

పాడైన గిన్నెలో వాటా ఆవిడకి అక్కర్లేదు.

"నేనే చేస్తానండీ. మొదటి నుంచీ నేనే."

గిన్నెలో నీళ్లు పోశాను. "ఇంకా దాంతో ఏం పని, పారబొయ్యి" అన్నాడు మా ఆయన. సన్నటి సెగ మీద పలుకంతా కరిగించాను. గరిటెకి తడిగుడ్డ చుట్టి అంచులు శుభ్రంగా తుడిచాను. మళ్లీ మరిగించి, మళ్లీ ఉండ చూసి దించాను. "చల్లారేదాకా ఎవరూ ముట్టుకోవద్దు" అన్నాను. ఎవరూ ముట్టుకోలేదు. నా మాటకి ఆ ఇల్లు ఆగడం అదే మొదలు. కొట్టావిడ ఇప్పుడు తనే కుర్చీ లాక్కుని కూర్చుంది.

తిప్పాను. కమలాతొక్క వేశాను. కత్తితో లాగి, ఆపాల్సిన చోట ఆపాను. తెలుపులో నారింజ చారలు పాలరాయి మీద ఉన్నట్టే తీరుగా నిలిచాయి. గట్టిపడ్డాక కోసి ఇస్తే ఆవిడ ముక్క నోట్లో వేసుకుని కళ్లు మూసుకుంది.

"కొట్లోకి వస్తావా?"

"వస్తాను. డబ్బా మీద నా పేరు ఉండాలి."

"మా డబ్బాల మీద కొట్టు పేరే ఉంటుందమ్మా. ఇంకెవరి పేరూ వెయ్యను."

"అయితే రానండీ."

మా ఆయన మోచేత్తో పొడిచాడు. "నీకేమన్నా పిచ్చా? ఒప్పుకో."

నేను కత్తి కడుగుతూ నిలబడ్డాను. వెళ్లిపోతే వెళ్లిపోనీ అనుకున్నాను. పేరు లేకుండా చేసిపెట్టడానికి ఈ వంటిల్లు చాలు, ఇంకో వంటిల్లు ఎందుకు? ఆవిడ రెండో ముక్క తీసుకుంది. మూడోది కూడా తీసుకుని, ఫక్కున నవ్వింది.

"మొండిఘటానివే! సరే, వేయిస్తాను. రేపు పొద్దున్నే వచ్చెయ్." సంచీలోంచి పెన్ను తీసింది. "ఏదీ, పేరు చెప్పు."

చెప్పాను. ఆ గోడల మధ్య నా పేరు నా నోటితో పలికి ఎన్నాళ్లయిందో.

మా ఆయన గొంతు సవరించుకుని ముందుకొచ్చాడు. "పేరుకి ముందు మా ఇంటిపేరు కూడా వేయించండి అక్కయ్యగారూ. ఈ చుట్టుపక్కల మా ఇంటిపేరు తెలియనివాళ్లు లేరు."

ఆవిడ పెన్ను ఆపి నా వైపు చూసింది.

"అక్కర్లేదండీ" అన్నాను. "ఆ ఇంటిపేరు ఎప్పుడూ గరిటె పట్టలేదు."