విల్లు లేని దనూలు

ఓన్ ఖిన్‌కి తన మీద తనకే ఒళ్ళు మండిపోయింది. తాత చేతికి ఆ తేయాకు పళ్ళెం అందించింది తనే కదా.

బర్మా కొండల్లోని పిందయలో దనూ జాతివాళ్ళ పండుగ దగ్గర పడింది. ఊరేగింపులో ముందు నడిచే జట్టును టీవీవాళ్ళు తీస్తారు. దనూలంటే కొండలెక్కిన బర్మావాళ్ళేగా అని ఎవరు పడితే వాళ్ళు తీసిపారేస్తుంటారు. తామంటూ వేరే ఉన్నామని ఒక్కసారైనా చూపించాలని ఆమె పంతం. వానాకాలమంతా ఊరి అమ్మాయిలకు విల్లంబుల నాట్యం నేర్పింది. ఎంపికకు వచ్చిన కమిటీ పెద్ద ఊ థౌంగ్ ఫే అడిగింది ఒక్కటే. రాజుగారి విలుకాళ్ళ సంతతి మనమని ఊరి పెద్ద ఎవరైనా నలుగురి ముందు చెప్పాలి. అందుకని తాత ఊ ఫో లోన్‌ను బతిమాలి, చెప్పాల్సిందంతా బట్టీ పట్టించి తీసుకొచ్చింది.

పెద్దవాళ్ళు మాట్లాడే ముందు ఊరబెట్టిన తేయాకు పెట్టడం ఆ ఊరి మర్యాద. పెట్టింది. అది తిన్న నోటితో నలుగురిలో అబద్ధమాడకూడదన్న కట్టుబాటు మాత్రం తాత నమిలి మింగాక గానీ గుర్తు రాలేదు.

"విలుకాళ్ళే, కాదనను," అన్నాడు తాత నింపాదిగా. "సయాం యుద్ధం నుంచి తిరిగొస్తూ ఇక్కడ ఆగిపోయారు. రాజుగారు మళ్ళీ యుద్ధానికి పంపుతారేమోనని ఇంటికి పోలేదంట. విల్లులు పొయ్యిలో పెట్టి అన్నం వండుకున్నారని మా తాత చెప్పేవాడు."

అందరూ నవ్వారు, ఊ థౌంగ్ ఫే తప్ప.

"అంటే పారిపోయినోళ్ళమా, పెద్దాయనా?"

"బతకడం తెలిసినోళ్ళం, బాబూ."

ముందు నడిచే అవకాశం పక్క ఊరికి పోయింది.

"ఒక్క అబద్ధం ఆడితే ఏం కొంప మునిగేది తాతా?" అంది ఓన్ ఖిన్ దారి పొడుగునా.

"నువ్వు తేయాకు పెట్టకుండా ఉండాల్సింది."

"పెట్టకపోతే మర్యాద తెలీని పిల్లని ఊరంతా చాటేవాడివి."

"చాటేవాణ్ణే," ఒప్పుకున్నాడాయన.

ఈ మనిషితో ఎలా వేగాలో ఆమెకు పాలుపోలేదు.

పండుగ నాడు వాళ్ళ ఊరిని ఊరేగింపు చివర్న పడేశారు. విల్లులు ముందు జట్టుకే అన్నారు. అమ్మాయిలు తేయాకు బుట్టలు వీపున వేసుకుని, ముఖాలు మాడ్చుకుని నడిచారు. చెరువుగట్టు దగ్గర మాండలే నుంచి వచ్చిన ఒక పెద్దావిడ, తేయాకు కోసి వస్తున్న కూలిపిల్ల అనుకుని, జాలిగా ఓన్ ఖిన్ చెయ్యి పట్టుకుంది.

"ఆలస్యమైపోయింది కదమ్మా. దనూలు ముందే వెళ్ళిపోయారు. నువ్వు చూడలేదా?"

"మేమూ దనూలమే, పెద్దమ్మా."

ఆవిడ ఓన్ ఖిన్‌ను ఎగాదిగా చూసింది. ఆవిడ చూపు ఖాళీ చేతుల దగ్గర ఆగింది.

"నిజంగానా?" అంది.