రోబో రాణి

నూట పన్నెండంటే మరీ తక్కువేం కాదులే, పొద్దున తొమ్మిదికి నలభై ఉండింది, ఇప్పుడు రెండు దాటింది, ఐదు గంటల్లో డెబ్బై రెండు సార్లు ఎవరో ఒకరు విన్నారన్నమాట, అందులో పాతిక సార్లు తానే విన్నది, తౌఫీక్ ఇంకో పాతిక సార్లు విని ఉంటాడు, వాళ్ళ నాయన ఫకీర్ సాబ్ ఫోనులో కూడా మోగించి ఉంటాడు, అవన్నీ తీసేస్తే మిగిలేదెంత అని లెక్క వేయబోయి సుచిత్ర తన మీద తనకే కోపం వచ్చి ఆపేసింది, విందులో ఎందరు తిన్నారని పెళ్ళికూతురే విస్తళ్ళు ఎంచుకుంటుందా ఎక్కడైనా, పెనుకొండలోని ఆ అద్దె ఇంటి వంటింట్లో నేల మీద కూర్చుని వేయించిన శనక్కాయలను అరచేతుల్లో నలిపి పొట్టు ఊదుతోంది, ఊదిన పొట్టు పక్కనున్న ఫోను మీద వాలుతోంది, ఫోనులో ఇవాళే విడుదలైన ఆల్బం, పేరు హైవోల్టేజ్, పాటలు ఆరు, చేసింది హిందూపురం తౌఫీక్, పాడింది రోబో రాణి, ఆ రోబో రాణి ఈ పొట్టు ఊదుకుంటున్న మనిషేనని తనను కలుపుకుని లోకంలో ముగ్గురికే తెలుసు, నాలుగోవాడికి ఇవాళ తెలియాలి, ఆ నాలుగోవాడు కట్టుకున్న మొగుడు లోకేష్, మూడింటికి కార్ల ఫ్యాక్టరీ బస్సు దిగి వస్తాడు, బస్సు తోలే మారుతి తౌఫీక్‌కు స్నేహితుడు, దారి పొడుగునా ఈ పాటలే పెడతానని మాటిచ్చాడు, లోకేష్‌కు పాట నచ్చితే చెప్పేయాలి, నచ్చకపోతే తేలు కుట్టిన దొంగలా ఊరుకోవాలి, అంతే, ఇందులో ఇంక ఆలోచించేదేమీ లేదు.

లేదంటూనే, ఎట్లా మొదలుపెట్టాలి, ఎంబ్రాయిడరీ నేర్చుకోవడానికని చెప్పి ఆర్నెల్లు మంగళవారం శుక్రవారం హిందూపురం బస్సెక్కిన సంగతి ముందు చెప్పాలా, పాట సంగతి ముందు చెప్పాలా, అబద్ధంతో మొదలుపెడితే అతను అబద్ధం దగ్గరే ఆగిపోతాడు, లోకేష్ చెడ్డవాడు కాదు, వచ్చిన చిక్కల్లా అదే, చెడ్డవాడైతే పోట్లాడైనా తీర్చుకునేది, ఏడేళ్ళ కిందట ఈ ఊళ్ళోనే ఎవరిదో రిసెప్షన్‌లో ధర్మవరం ఆర్కెస్ట్రాతో తాను పాడుతుంటే స్టేజి కింద నిలబడి మూడు గంటల సేపు ఫోనులో రికార్డు చేసుకున్నాడు, ఆ గొంతు కోసమే సంబంధం అడిగించాడు, నీ పాట వినకుంటే నాకు ముద్ద దిగదు సుచీ అన్నాడు, నిశ్చితార్థం నాడు వాళ్ళమ్మ సుబ్బమ్మ రొద్దం నుంచి వచ్చి కూర్చుని, మా ఇంట్లో పాటలకు టీవీ ఉండాదిమ్మా, కోడలు స్టేజీలెక్కి పాడాల్సిన పని లేదు అని మెత్తని చెప్పుతో కొట్టినట్టు చెప్పింది, అమ్మ ఎదుట తల వంచుకున్న లోకేష్ తర్వాత పక్కకొచ్చి, ఒక ఏడాది ఆగు సుచీ, మాయమ్మ కోపం చల్లారినాక నేనే తోలుకొనిపోయి పాడిపిస్తా అన్నాడు, ఆమెకు కోపముంటే కదా చల్లారడానికి, ఏడాది పోయింది, పాప పుట్టింది, పాపకు జోల పాడుతుంటే వీధిలోకి వినిపిస్తాండాదని సుబ్బమ్మ లేచి కిటికీ మూసింది, రెండో ఏడు, మూడో ఏడు, ఇచ్చిన మాట లోకేష్ మరిచిపోయాడు, మోసం చేయాలని కాదు పాపం, వానల్లేని ఏడు గొడుగు ఎక్కడ పెట్టామో మరిచిపోతామే, అట్లా మరిచిపోయాడు. ముద్ద మాత్రం బాగానే దిగుతోంది.

తౌఫీక్ ఆ రోజుల్లో ఆర్కెస్ట్రాకు సౌండ్ చూసేవాడు, ఇప్పుడు హిందూపురంలో సొంతంగా సౌండ్ బాక్సులు బాడుగకిస్తాడు, పోయిన ఏడు పెనుకొండ బస్టాండులో కనబడి, అక్కా, నీ గొంతు నా చెవుల్లో అట్లే ఉండాది, టెక్నో మాదిరి ఒక ఆల్బం చేస్తాండా, నిమిషానికి నూట ఇరవై ఎనిమిది దెబ్బలు, దాని మీద మన తెలుగు పాట, నువ్వొచ్చి పాడిపో చాలు అన్నాడు, వద్దనాలని నోరు తెరిస్తే ఎప్పుడు రావాలి అన్న మాట వచ్చింది, పాడతా గానీ నా గొంతని ఎవరికీ తెలియకూడదు తౌఫీక్ అని మాత్రం అనగలిగింది, అంతేనా అక్కా, గొంతు మార్చేది మన చేతిలో పని అని నవ్వాడు, వాళ్ళ షెడ్డు మీద గది, గోడలకు పాత బొంతలు, మైకులో మోత వస్తుందని ఫ్యాను ఆపేసేవాడు, జాకెట్టంతా తడిసిపోయేది, కింద వెల్డింగ్ షాపు వాళ్ళు అన్నానికి పోయే గంటలోనే పాడాలి, ఆ గంట కోసం మిగతా వారమంతా బతికింది, చెప్పుకోవడానికి సిగ్గే గానీ నిజం, ఇంటికొచ్చి గిన్నెలు తోముతుంటే చేతులు వేరేవాళ్ళవిలా తేలిగ్గా ఉండేవి, ఆ గొంతును తౌఫీక్ పొరలు పొరలుగా విడదీశాడు, ఒక పొర కిందికి దించాడు, ఇంకో పొర పైకెత్తాడు, వంకరలన్నీ సాపు చేశాడు, ఊపిరి తీసుకున్న చోట్లన్నీ కత్తిరించి పారేశాడు, ఊపిరి తీసుకోకుండా మనిషెట్లా పాడుతుంది తౌఫీక్ అని అడిగితే, ఇది మనిషి కాదు గదక్కా, రోబో రాణి అన్నాడు, ఇద్దరూ పడీపడీ నవ్వారు, టీ తెచ్చిన ఫకీర్ సాబ్ ఒక్కడే నవ్వలేదు, బంగారం మాదిరి గొంతు, దానికి ఇనప తొడుగు ఎందుకు తొడుగుతాండారప్పా అని గ్లాసులు అక్కడ పెట్టి మెట్లు దిగి వెళ్ళిపోయాడు.

ఇనప తొడుగు లేకపోతే ఇల్లు కూలిపోతుంది సాబూ, ఆ మాట ఆయనకు ఎట్లా చెప్పేది, కానీ ఒక్కచోట మాత్రం ముట్టుకోనివ్వలేదు, మూడో పాట చివర, సాగదీసిన గొంతు ఉన్నట్టుండి కిందికి జారి, జారిన చోటే మెల్లగా ఆరిపోతుంది, అది పాటలో లేదు, ధర్మవరంలో తన అమ్మ చౌడేశ్వరి మగ్గం దగ్గర పాడుకుంటూ నేసేది, పోగు తెగినప్పుడు అతికించడానికి ముందుకు వంగేది, మనిషి వంగితే గొంతూ వంగేది, గుంట మగ్గం పక్కన కూర్చుని పాటలు నేర్చుకున్న పిల్లకు ఆ వంపు కూడా పాటేనని తోచి అట్లే పట్టుబడింది, ఆర్కెస్ట్రా మాస్టారు ఎంత తిట్టినా పోలేదు, అక్కా, ఈడ బీటు నుంచి జారిపోతాండావు, సాపు చేస్తా అని తౌఫీక్ అంటే, వద్దు, చేస్తే ఈ పాట తీసేయి అంది, అంత గట్టిగా తాను ఎవరితోనైనా మాట్లాడి ఎన్నేళ్ళయిందో, తౌఫీక్ బిత్తరపోయి సరే అన్నాడు, పాటకు అది అందం కాబట్టి పట్టుబట్టానని బస్సులో వస్తూ తనకు తానే చెప్పుకుంది, చెప్పుకుంటే నమ్మేసింది కూడా.

పొద్దున లేవగానే అమ్మకు పాటలు పంపింది, ఏమీ రాయలేదు, పంపిన క్షణం నుంచి ఒకటే ధ్యాస, అమ్మ కనిపెట్టేస్తుందేమో, ఏమే, ఇది నువ్వు కదూ అని అడిగేస్తుందేమో, అడిగితే ఏం చెప్పాలి, భయమే అనుకుంది దాన్ని, పది గంటలకు ఫోను మోగితే చేతులు తుడుచుకోకుండానే తీసింది, అమ్మ శనక్కాయల ధర చెప్పింది, మోకాలి నొప్పి చెప్పింది, పక్కింట్లో పవర్లూమ్ పెట్టినారు, ఆ మోతకు మన మాట మనకే వినపడదు పాపా అంది, ఇంక ఆగలేక, పాటలు విన్నావామ్మా అని సుచిత్రే అడిగింది, విన్నాలే, ఏందో మిషను పాటలు, దడదడా అని బాగానే ఉండాయి, బిడ్డ ఎగురుతాది పెడితే, అంది అమ్మ, మూడోది విన్నావా, చివరిదాకా విన్నావా అని మళ్ళీ అడిగింది, అన్నీ ఒకటే మాదిరి ఉండాయి గదే, నాకేం తెలుస్తాది, ఎవరు పంపినారు నీకు, ఎవరో పంపినారులే అంది సుచిత్ర, అని ఫోను పెట్టేసింది, గండం గడిచిందని సంతోషించాలి కదా, సంతోషం రాలేదు, సంత నుంచి తిరిగొచ్చేటప్పుడు చేతిలో బిడ్డ లేదని గుర్తొచ్చినట్టయింది, పక్కింటి మగ్గం మోతలో వినపడి ఉండదులే అని సర్ది చెప్పుకుంది.

గేటు చప్పుడైంది, లోకేష్, బూట్లు విప్పకుండానే వంటింటి గడప దాకా వచ్చేశాడు, మొహం వెలిగిపోతోంది, ఏమే సుచీ, ఒకటి వినిపిస్తా రా, బస్సులో మారుతి పెట్టినాడు, మన హిందూపురమోళ్ళే ఎవరో చేసినారంట, సూపర్‌గా ఉండాది అంటూ ఫోను తీసి శనక్కాయల చాట పక్కనే పెట్టి తానూ నేల మీద చతికిలబడ్డాడు, మొదటి రెండు పాటలూ అయిపోయి మూడోది మొదలైంది, దెబ్బ దెబ్బకీ అతని మోకాలు ఊగుతోంది, నచ్చింది, ఇంకేం కావాలి, చెప్పు, ఎవరు పాడినారంట అని అడిగింది, ఎవరూ పాడలేదు, అదే గదా గొప్ప, అంతా కంప్యూటరే, రోబో రాణి అని పేరు కూడా పెట్టినారు చూడు, మా ఫ్యాక్టరీలో వెల్డింగ్ చేసే రోబోలు ఉండాయి గదా, వాటి మాదిరి, అలుపు లేదు, సొలుపు లేదు, ఊపిరి కూడా తీసుకోదు, ఆడమనిషిని పిలిపించల్లా, ఇంట్లో ఒప్పియ్యల్లా, ఆ రచ్చ ఏమీ లేదు అన్నాడు, మనిషే పాడిందేమో, గొంతు మార్చి ఉంటారేమో అంది సుచిత్ర చాటలోకి చూస్తూ, లోకేష్ ఆమె వైపు తిరిగి ఎంతో ప్రేమగా నవ్వాడు, ఒకప్పుడు పాడినదానివి, నీకట్లే అనిపిస్తాదిలే, ఎంత బాగా పాడేదానివి నువ్వు, ఆ గొంతు ఎట్ల మర్చిపోతా, నీదైతే నిద్రలో విన్నా పట్టేస్తా అన్నాడు, పాడేదానివి అన్నాడు, అయినా పరవాలేదు, మాట పళ్ళ దాకా వచ్చింది, అది నేనే అని రెండు మాటలు, ఇంతలో మూడో పాట చివరికొచ్చింది, ఉండు ఉండు అని లోకేష్ వేలెత్తాడు.

ఫ్యాక్టరీలో అతని పని తప్పులు పట్టడం, రంగు వేసిన కారు మీద అరచెయ్యి పెట్టి మెల్లగా తడుముకుంటూ పోతాడు, కంటికి కనపడని సొట్టను చెయ్యి చెబుతుంది, పెద్ద ఇంజనీర్లు కూడా లోకేష్ చెయ్యి పడితే తిరుగు లేదంటారని చెప్పుకుని మురిసిపోతుంటాడు, ఇప్పుడు అదే అరచెయ్యి గాలిలో తడుముతున్నట్టు కదిలింది, పాటను వెనక్కి జరిపాడు, ఈడ విను, సరిగ్గా ఈడ, విన్నావా, అంత సాపుగా పోయి పోయి ఈడ వంగిపాయ, మిషను తడబడినాది, సొట్ట పడినట్టు ఎంత తెలుస్తాండాదో చూడు, చెక్ చేసేవాడు లేనట్టుండాది, నేనైతే దీన్ని బయటికి వదుల్తునా, అని మళ్ళీ వెనక్కి జరిపాడు, అమ్మ ముందుకు వంగింది, పోగు అతికించింది, లేచింది, మళ్ళీ జరిపాడు, అమ్మ మళ్ళీ వంగింది, నిజమే, ఇతని చెయ్యి పడితే తిరుగు లేదు, ఆరు పాటల్లో, ఇరవై ఆరు నిమిషాల్లో, తాను ఎక్కడుందో సరిగ్గా అక్కడే వేలు పెట్టాడు, పాటకు అందమని కాదు దాన్ని అట్టిపెట్టుకున్నది, పొద్దుటి నుంచి పడింది భయమూ కాదు, ఎవరో ఒకరు చెయ్యి పట్టి ఇదిగో దొరికావు అంటారని ఆశ, దొరికింది, దొరికినాక తప్పు అన్నారు, అంతే తేడా, మారుతికి చెప్తే వాళ్ళకు చెప్తాడు, సరి చేసుకుంటారు, మంచి పాట పాడైపోతాండాది అంటున్నాడు లోకేష్, పాపం నిజంగానే బాధపడుతున్నాడు, అవును, ఆడ తప్పు పడినట్టే ఉండాది, చెప్పు, సరిచేస్తారు అంది సుచిత్ర, అన్న తర్వాత ఆ మాట తన చెవికే వినిపించింది, ఎంత సాపుగా వచ్చిందది, ఎక్కడా వణకలేదు, ఎక్కడా ఊపిరి ఆగిన జాడ లేదు, ఆరేళ్ళుగా ఈ ఇంట్లో సరే అన్నప్పుడల్లా, పరవాలేదు అన్నప్పుడల్లా, కిటికీ మూస్తుంటే చూస్తూ ఊరుకున్నప్పుడల్లా వచ్చింది ఈ గొంతే, తౌఫీక్‌ను అనడానికేమీ లేదు, ఆమె ఆ షెడ్డు మెట్లెక్కేటప్పటికే అతనికి సాపు చేయడానికి పెద్దగా మిగల్లేదు, మిగిలింది ఆ ఒక్క వంపే, దాన్ని కూడా తీసేయమని ఇప్పుడు చెప్పింది రోబో రాణే.