గులిమి తీసేవాడి చెవి

మా ఆయనకు మూతి వంకర పోయిన రోజు ఇంట్లో కిటికీలన్నీ మూసేశారు. గాలి సోకిందట. ఆయన అక్క, మా వదిన టియెమ్, వస్తూనే తలుపు గొళ్లెం పెట్టి, ఫ్యాను ఆపేసి, ఒక కన్ను మూతపడని తమ్ముణ్ని చాప మీద బోర్లా పడుకోబెట్టింది. ఘాటైన పచ్చ మందునూనె రాసి వెండి నాణెంతో వీపంతా గీకింది. ఎర్రటి చారలు తేలాయి.

"చూడవే, గాలంతా ఎలా బయటికొస్తోందో!" అంది నాతో, ఏదో పందెం గెలిచినట్టు.

నాకు ఒళ్లు మండిపోయింది. "గాలి కాదు వదినా, చెవి. నెల్లాళ్ల నుంచీ చీము కారుతోంది."

"నోర్ముయ్యి. చెవికీ మూతికీ ఏం సంబంధం? తడితలతో ఫ్యాను కింద పడుకున్నాడు, గాలి కొట్టింది. మా నాన్నకీ ఇంతే అయింది."

బోర్లా పడుకున్న మనిషి దిండులోంచే "అక్క చెప్పిందే నిజం" అన్నాడు. మాట ఒక పక్కనుంచి జారుతూ తడితడిగా వచ్చింది. నోరు తిరగని స్థితిలో కూడా నాతో వాదించడం మాత్రం మానలేదు.

మాది సాడెక్ అనే ఊరు. కాలవ గట్టు మీద మంగలి దుకాణం. మా ఆయన లియెమ్ దగ్గరికి జుట్టు కత్తిరించుకోవడానికి వచ్చేవాళ్లు తక్కువ, చెవుల కోసం వచ్చేవాళ్లే ఎక్కువ. కుర్చీని వెనక్కి వాల్చి, నుదుటికి దీపం కట్టుకుని, సన్నటి కత్తితో చెవిలోపలి నూగు గీసి, చెంచా పుల్లతో గులిమి తీసి, చివర్లో మెత్తటి బ్రష్షు తిప్పుతాడు. ఎంత పెద్దమనిషైనా ఆ కుర్చీలో గురక పెట్టాల్సిందే. దుకాణం ముందు నాది హూతియూ అనే నూడుల్సు పులుసు బండి. చెవులు తేలికై లేచినవాళ్లు నా దగ్గర ఒక గిన్నె తిని పోతారు. మా బతుకు బాగానే గడిచేది.

ఆ చేతి మీద ఆయనకున్న పొగరే కొంప ముంచింది. తన చెవి దురద పెడితే అద్దంలో చూసుకుంటూ తనే గోక్కున్నాడు. నొప్పి పుడితే లోపల ఏదో మిగిలిపోయిందని ఇంకా గోకాడు. చీమొస్తే దూది కుక్కి టోపీ పెట్టుకున్నాడు. గులిమి తీసేవాడి చెవికే జబ్బంటే జనం నవ్వుతారట! తన చెవిలో పెట్టిన పుల్లను భుజం మీది తువ్వాలుకు తుడిచి, మరుక్షణం ఇంకొకరి చెవిలో పెట్టడం నేను కళ్లారా చూశాను. అదేమని అడిగితే, "నువ్వు పులుసు సంగతి చూసుకో" అన్నాడు.

పైగా చక్కెర జబ్బు. మాత్రలు గుర్తొస్తే వేసుకుంటాడు, చెరుకురసం మాత్రం ఎప్పుడూ మరచిపోడు. వీధి చివర మందుల షాపువాడు ఇచ్చిన చుక్కలు వేసుకుంటే మంట పుట్టింది తప్ప నొప్పి తగ్గలేదు. అది మామూలు చెవిపోటు కాదు. దవడ దాకా, నడినెత్తి దాకా పాకేది. పడుకుంటే ఇంకా ఎక్కువయ్యేది. తువ్వాలు నోట్లో కుక్కుకుని కొరికేవాడు. పద ఆసుపత్రికి అంటే మాత్రం తల అడ్డంగా ఊపేవాడు.

వీపు గీకించుకుని లేచాక గ్లాసు నోటికి పెట్టుకున్నాడు. నీళ్లన్నీ పెదవి చివరినుంచి చొక్కా మీదికి కారాయి. తుడుచుకుని మళ్లీ తాగబోయాడు. మళ్లీ కారాయి. నేను బండి మీద మరుగుతున్న పులుసు అలాగే వదిలేసి, ఆయన చెయ్యి పట్టుకుని బస్సెక్కించాను. వదిన గుమ్మం దాకా వచ్చి, "గాలిలో తిప్పుతున్నావు! వాడు పోతే ఆ పాపం నీదే!" అని అరిచింది. నేను తిరిగి చూడలేదు.

కాన్‌తో పట్నం పెద్దాసుపత్రిలో క్వియెన్ అనే డాక్టరమ్మ చూసింది. మా కూతురికన్నా చిన్నదిలా ఉంది. చెవిలోని చీము సన్నటి గొట్టంతో లాగేసి, సూక్ష్మదర్శినిలోంచి లోపలికి తొంగి చూసి ఆగిపోయింది. తరవాత కనుబొమలు ఎత్తమంది, కళ్లు మూయమంది, పళ్లు చూపించమంది. ముఖంలో ఒక సగమే చెప్పినట్టు విన్నది.

"ఈ చెవిలో పుల్లలు ఎవరు పెట్టారు బాబాయ్?"

"మా ఆవిడ" అన్నాడు లియెమ్.

నేను నిర్ఘాంతపోయాను. ఆ పిల్ల నావైపు తిరిగి, "ఏం పిన్నీ, చక్కెర జబ్బున్న మనిషి చెవి అలా పొడవొచ్చా?" అని తిట్టడం మొదలుపెట్టింది. నాకు నోరు ఊరుకోలేదు.

"నేనా? నేను నూడుల్సు అమ్ముకునేదాన్ని తల్లీ! చెవులు తీసేది ఈ మహానుభావుడు! చీమొచ్చినా ఆపలేదు. ఆ పుల్లతోనే ఊరందరికీ తీశాడు. ఇప్పుడు నా మీదికి తోస్తున్నాడు!"

వరండాలో ఉన్నవాళ్లంతా చూశారు. చూడనీ అనుకున్నాను. ఆయన గోడ వైపు తిరిగి కూర్చున్నాడు.

డాక్టరమ్మ నవ్వలేదు. చెవి గొట్టంలో మెత్తటి భాగం అయిపోయి ఎముక మొదలయ్యే చోట ఎర్రటి కండ మొలిచి ఉందంది. "అక్కడినుంచి చిన్న ముక్క తియ్యాలి, క్యాన్సరు కాదని తేల్చుకోవాలి. చీము పరీక్షకు పంపాలి. ఎముక ఎంతవరకు పాడైందో స్కానులో చూడాలి" అని ఒక్కొక్కటే విడమరిచి చెప్పింది.

క్యాన్సరు కాదని తేలిన రోజు నేను ఏడ్చాను. కానీ స్కాను మంచి మాట చెప్పలేదు. చెవిలో మొదలైన పుండు కపాలం అడుగున ఉన్న ఎముకను తింటోంది. ముఖాన్ని కదిలించే నరం ఆ పక్కనుంచే పోతుందట, అందుకే మూతి జారింది. చీములో దొరికింది తేమలో బతికే ఒక మొండి క్రిమి. చక్కెర ఎక్కువున్న ముసలి ఒంట్లో దానికి అడ్డే ఉండదు.

"కొయ్యాలా?" అని అడిగాను.

"కోతతో పోయేది కాదు పిన్నీ. నరంలోకి మందు ఎక్కించాలి. ఆరు వారాలు, ఇంకా ఎక్కువే కావచ్చు. చక్కెర అదుపులో ఉండాలి. నొప్పి ముందే తగ్గుతుంది, దాన్ని నమ్మకండి. ఎముకలో మిగిలిపోతే మళ్లీ వస్తుంది. ఈసారి మెదడు దాకా పోతే నేను కూడా ఏం చెయ్యలేను."

ఈ మాట మా ఆయన మంచి చెవివైపు నిలబడి చెప్పింది. విన్నాడు.

వదిన చూడటానికొచ్చింది. ఏం తెచ్చిందనుకున్నారు? తీపి పాల డబ్బాలు, పంచదార పొట్లం! రోగిని చూడబోతే పాలూ పంచదారా పట్టుకెళ్లాలి కదా మరి, లేకపోతే మర్యాద ఏమైపోను! "వాడు చిక్కిపోయాడు" అంటూ డబ్బాకు చిల్లు పొడవబోతే లాక్కుని పక్క మంచం వాళ్లకు ఇచ్చేశాను. వదిన నాతో మాటలు మానేసింది. ఆ వార్డులో నాకు జరిగిన మేలు అదొక్కటే.

రెండో వారం దాటేసరికి నొప్పి పోయింది. లియెమ్‌కు మళ్లీ మీసం మెలితిరిగింది. "తగ్గిపోయిందే. ఇక్కడ పడుకుంటే దుకాణం ఎవడు తీస్తాడు? నా మనుషులు ఆ కొత్త వంతెన దగ్గరి కుర్రాడి దగ్గరికి పోతారు" అని రోజూ సణుగుడే. ఒక పొద్దున గంజి తేవడానికి కిందికి వెళ్లొచ్చేసరికి మంచం ఖాళీ. పక్క మంచం మనిషి, "బస్టాండుకని వెళ్లాడమ్మా, చేతిలో సూది గొట్టం అలాగే ఉంది" అన్నాడు.

గంజి గిన్నె కిటికీలో పెట్టి బస్సెక్కాను. దారి పొడుగునా నాలో నేను తిట్టుకుంటూనే ఉన్నాను. ఎవరి కోసం బండి మూసుకుని నేల మీద పడుకున్నాను? ఎవరి కోసం ఆ వార్డు దోమలకు రక్తం పోశాను? చావనీ అనుకున్నాను ఒకసారి. మరుక్షణం ఆ మాట అనుకున్నందుకు నా మీదే కోపమొచ్చింది.

దుకాణం తెరిచే ఉంది. కుర్చీలో తోయ్ మామ వాలి ఉన్నాడు. పడవల షెడ్డులో పనిచేసి మానేసిన పెద్దాయన, ఆయనకూ చక్కెరే. మా ఆయన నుదుటికి దీపం కట్టుకుని, గొట్టం ఉన్న చేతికి గుడ్డ చుట్టుకుని, తన పాత పెట్టెలోంచి పుల్ల తీస్తున్నాడు. మూతపడని కంటిలోంచి నీరు చెంప మీదికి కారుతోంది.

"లే మామా" అన్నాను.

"ఇప్పుడేగా అమ్మాయ్ పడుకుంది..."

"లే!"

మామ లేచాడు. ఆ కుర్చీలో నేను వాలి, జుట్టు వెనక్కి తోసి, చెవి పైకి పెట్టాను.

"ముందు నాకు తియ్యి. ఆ పుల్లతోనే."

"ఏమే, పిచ్చా నీకు?"

"తగ్గిపోయిందన్నావుగా. నీ పుల్లలో తప్పులేదనేగా మళ్లీ తీశావు. పెట్టు."

దీపం వెలుతురు నా ముఖం మీద పడింది. ఆయన పుల్ల పట్టుకుని వంగాడు. ఊపిరి నా చెంపకు తగిలింది. పుల్లను దీపం వెలుగులో తిప్పి చూసుకున్నాడు.

"నీ చెవిలో పెట్టను" అన్నాడు చివరికి.

"ఎందుకు?"

పుల్లను పెట్టెలో పడేశాడు.

"అంటే నీకు తెలుసు!" కుర్చీలోంచి ఒక్క ఉదుటున లేచాను. "మొదటినుంచీ తెలుసు నీకు! నా చెవికి వద్దనుకున్నవాడివి, ఊళ్లోవాళ్ల చెవులేం పాపం చేశాయయ్యా?"

తోయ్ మామ మా ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. చెయ్యి మెల్లగా తన కుడి చెవి మీదికి పోయింది.

"ఏంట్రా లియెమ్, ఈవిడనేది? పోయిన నెల నువ్వు తీసిన దగ్గర్నుంచీ నాకు ఈ చెవి ఒకటే దురద. ఇప్పుడు నొప్పి కూడానూ. అందుకేగా వచ్చింది."

మా ఆయన ముఖంలో కదిలే సగం వణికింది. దీపం విప్పి బల్ల మీద పెట్టాడు. మామకు చొక్కా అందించి, తనే వంగి బొత్తాలు పెట్టాడు.

"తప్పు నాదే మామా" అన్నాడు. "పద, డాక్టరు దగ్గరికి పోదాం. నేనూ వస్తున్నా."

తలుపుకు తాళం నేనే వేశాను. బస్సులో ఇద్దరి మధ్యా కూర్చుని కాన్‌తో దాకా తిడుతూనే ఉన్నాను. ఒక్కరూ ఎదురు చెప్పలేదు.